టీవీలో అబ్బాయిగారు, ఒళ్ళో నూనె గిన్నె

ఇవాళ ఆదివారం, ఏ పనీ పెట్టుకోకూడదనుకున్నా కానీ పొద్దున్నే పాప తలకి నూనె పెట్టడం పడింది, అదొక గంట. హాల్లో కూర్చుని పెడుతుంటే అత్తయ్య టీవీ పెట్టారు, అబ్బాయిగారు వస్తోంది, అదే 1993ది, వెంకటేష్, మీనా. నాకూ ఇష్టమే ఆ సినిమా. కానీ అందులో జయచిత్ర సవతి తల్లి కదా, ఆస్తి కోసం కొడుకుని చదువు లేకుండా పెంచి తీపి మాటలు చెప్తూ... అత్తయ్యకి సగంలో గుర్తొచ్చినట్టుంది, రిమోట్ కోసం సోఫా అంతా తడుముతున్నారు పాపం. పాప తల తిప్పకుండానే "పిన్నీ, ఆవిడ కూడా పిన్నేనా?" అంది. అవునన్నా. "మరి నూనె పెట్టట్లేదే" అంది. ఏం చెప్పాలి దీనికి!

అప్పట్నించీ ఇదే ఆలోచన. సవతి తల్లి అన్న మాటే చెడిపోయింది అసలు, ఏ జిల్లాకి నిధులు రాకపోయినా పేపర్లో "సవతి తల్లి ప్రేమ" అనే హెడ్డింగ్. సరే కొత్త సినిమాలు నయం కదా అనుకుంటే అవి మారింది సగమే. 2010లో హిందీలో వచ్చిన వి ఆర్ ఫ్యామిలీలో కరీనా విలనేం కాదు, పిల్లలతో నానా అవస్థా పడుతుంది, అది బానే చూపించారు, కానీ కన్నతల్లి కాజోల్‌కి క్యాన్సర్ పెట్టారు. ఎంతవాడు గానీలో (2015) అజిత్ త్రిష కూతుర్ని సొంత కూతురిలా పెంచుతాడు, ఆ పిల్లని వెంటబెట్టుకుని ఊళ్ళు తిరుగుతాడు, నాకైతే ఏడుపొచ్చింది, అక్కడా త్రిషని పెళ్ళికి ముందే చంపేశారు. మారుతండ్రి దేవుడు, మారుతల్లి రాక్షసి అన్న గొడవ సరే, అదెప్పుడూ ఉన్నదే. అమ్మ ఫోటోకి దండ పడితే గానీ మనకి కుర్చీ వెయ్యరా?

మా పాప వాళ్ళమ్మ విజయవాడలో నిక్షేపంగా ఉంది. రోజూ రాత్రి ఎనిమిదిన్నరకి వీడియో కాల్. ఆ టైంకి నేను వంటింట్లోకి వెళ్ళిపోతా, అంట్లు లేకపోయినా కడిగిన గిన్నెలే మళ్ళీ కడుగుతా. రెండేళ్ళైంది, ఆ అరగంట ఎక్కడ నిలబడాలో ఇప్పటికీ తెలీదు. ఈ సీను ఎవరైనా తీస్తే చూడాలనుంది, తీసినా ఇంటర్వెల్ బ్యాంగ్ ఎక్కడ వేస్తార్లే.

ఇవాళ పొద్దుటి సంగతి చెప్పేసినట్టుంది, గదిలోంచి ఇద్దరి నవ్వూ వినిపించింది. తర్వాత ఫోన్ పట్టుకొచ్చి నా మొహం ముందు పెట్టింది. "కుంకుడుకాయలతో పొయ్యలేదు కదండీ, కళ్ళు మండితే రోజంతా ఏడుస్తుంది" అన్నారావిడ. లేదండీ షాంపూయే అన్నా, చేతులకి సబ్బు నురగ అలాగే ఉంది.