డ్రాగన్‌కు ముల్లు తీసేదెవరు?

నిన్న రాత్రి ఒక ఫాంటసీ నవల ముగించాను. నాయకుడు మృగాలను మచ్చిక చేయడంలో పేరుమోసిన వీరుడు. చెయ్యి చాపి మంత్రం చదివితే చాలు, కొండంత డ్రాగన్ తలవంచుతుంది. రెండు పేజీల్లో పని పూర్తి! పుస్తకం మూశాక నన్ను పట్టుకున్నది మాత్రం అతడి మిగతా జీవితం. రోజూ దానికి తిండి ఎక్కడినుంచి తెస్తాడు? గోళ్ల సందున దిగిన ముల్లు తీసేటప్పుడు, అది నొప్పికి ఒక్కసారి నిప్పులు కక్కితే అతడి చేతుల గతేమిటి?

అలెగ్జాండర్, అతడి గుర్రం బ్యూసెఫలస్‌ల కథ నాకు ఇందుకే ఇష్టం. ఎవరికీ లొంగని ఆ గుర్రం తన నీడను చూసే బెదురుతోందని కుర్రవాడైన అలెగ్జాండర్ కనిపెట్టాడట. కళ్లెం పట్టి ముఖాన్ని సూర్యుడివైపు తిప్పాడు. నీడ వెనక్కి పోయింది, గుర్రం కుదుటపడింది. ప్రాచీన గ్రీకు రచయిత ప్లూటార్క్ చెప్పిన ఈ కథలో నిజమెంతో గానీ, ఏ మంత్రమూ దీనికి సాటిరాదు.

పైగా, ఒక మృగం మచ్చికైనంత మాత్రాన దాని జాతి మచ్చికైనట్టు కాదు. వేల ఏళ్లుగా మనిషితో పనిచేస్తున్నా ఏనుగు పెంపుడు జాతి కాలేదు. 1959లో సోవియట్ శాస్త్రవేత్త ద్మీత్రి బెల్యాయెవ్ సైబీరియాలో నక్కలతో ప్రయోగం మొదలుపెట్టాడు. మనిషికి బెదరని వాటినే తరతరానా ఎంచుకుంటూ పోతే, చివరికి తోకలూపుతూ ఎదురొచ్చే పిల్లలు పుట్టాయి. అది ఒక్క వీరుడి వల్ల అయ్యే పని కాదు.

ఈ నవలకు రెండో భాగం వస్తే నాకు యుద్ధాలు వద్దు. ముసలివాడైన మన వీరుడి ముందు ఆ డ్రాగన్ గుడ్లు పొదగాలి. ఆ పిల్లలకు అతడెవరో తెలియదు కదా, అప్పుడు ఏం చేస్తాడో చూడాలి!