ఉప్పుకి పది నిమిషాలు

చిన్న రణ్ చూపించే టూర్ వాళ్ళు ఇచ్చిన కాగితంలో వరస ఇలా ఉంది. మూడున్నరకి జీపు. అడవి గాడిదలు. పక్షులు. ఉప్పు మడుల దగ్గర టీ, పది నిమిషాలు. సూర్యాస్తమయం. ఏడింటికి తిరిగి రాక.

"ఉప్పుకి పది నిమిషాలేంట్రా? మనం వచ్చిందే దానికోసం కదా" అన్నాడు మా మామయ్య.

చిన్న రణ్ అంటే గుజరాత్‌లో దాదాపు ఐదు వేల చదరపు కిలోమీటర్ల ఉప్పు నేల. దేశంలో తయారయ్యే ఉప్పులో నాలుగింట మూడు వంతులు ఆ ఒక్క రాష్ట్రానిదే. అలాంటి చోటికి జనాన్ని తీసుకెళ్ళి ఉప్పుకి పది నిమిషాలు కేటాయించడం నాకూ నచ్చలేదు. మామయ్యకైతే కోపమే వచ్చింది.

ఆయన చినగంజాంలో ముప్పై ఏళ్ళకు పైగా ఉప్పు పండించిన మనిషి. విజయవాడ నుంచి ఒంగోలు వెళ్ళే రైల్లో చీరాల దాటాక కిటికీలోంచి కనిపించే మడులు, తాటాకు కప్పిన కుప్పలు ఆ ప్రాంతానివే. మోకాళ్ళు మొరాయించాక లీజు వదిలేశాడు గానీ, ఇప్పటికీ ఏ ఊరెళ్ళినా కాస్త ఉప్పు నాలిక మీద వేసుకుని ఎక్కడిదో చెప్పడానికి చూస్తాడు. అహ్మదాబాద్‌లో మా చెల్లెలి ఇంట్లో ఉన్నప్పుడు, సముద్రం కనపడని చోట ఎడారి మధ్యలో ఉప్పు తీస్తారని మా బావ మాటవరసకి అన్నాడు. ఇక ఈయన్ని ఆపడం ఎవరి తరమూ కాలేదు.

సానంద్, విరంగాం మీదుగా రణ్ అంచున ఉన్న దసాడా దాకా బస్సు. విరంగాంలో టీకి దిగాం. గాంధీ దక్షిణాఫ్రికా నుంచి తిరిగొచ్చిన కొత్తలో, 1915లో, ఈ ఊరి కస్టమ్స్ గేటు దగ్గర ప్రయాణికులు పడే బాధల గురించి విని ఆ విషయం పట్టుకున్నాడు. రెండేళ్ళకి ఆ గేటు ఎత్తేశారు. దండి యాత్రకి ఇంకా చాలా ముందు సంగతి. ఇది చెప్తే మామయ్య "మరి మా దేవరంపాడు మాటేమిటి?" అని ప్రకాశం పంతులుగారి ఉప్పు సత్యాగ్రహ శిబిరం గురించి మొదలుపెట్టాడు. బస్సు దిగేదాకా అదే కబురు.

ఖర్చు సంగతి చెప్పాలి. జీపుకి మూడు వేలు. అటవీ శాఖ పర్మిట్ వేరే. గైడ్‌కి వేరే. కెమెరాకి మళ్ళీ వేరే. మట్టి గోడల గదికి నాలుగు వేలు, అందులో రాత్రంతా దోమలు. భోజనం మాత్రం బాగుంది. సజ్జ రొట్టె, కాల్చిన వంకాయ కూర, వెల్లుల్లి కారం, పల్చటి మజ్జిగ. పప్పులో బెల్లం వేసేసరికి మామయ్య గిన్నె పక్కకి జరిపి సంచిలోంచి ఆవకాయ తీశాడు.

జీపులో మాతోపాటు పుణె నుంచి వచ్చిన ఒక జంట. గైడ్ పాతికేళ్ళ కుర్రాడు, హిందీ బాగా మాట్లాడతాడు. అడవి గాడిదలంటే అతనికి ప్రాణం. సర్కారు తుమ్మ పొదలు దాటి అరగంట వెళ్ళగానే ఒక మంద కనబడింది. లేత గోధుమ రంగు ఒళ్ళు, తెల్లటి పొట్ట, వీపు పొడుగునా ముదురు చార. ఊళ్ళో బరువులు మోసే గాడిదతో వీటికి పోలికే లేదు. తల ఎత్తి నిలబడితే చూపు తిప్పుకోలేం, పరుగు తీస్తే జీపు వెనకబడుతుంది. 1958-60 ప్రాంతంలో సుర్రా అనే జబ్బు వచ్చి మందలకి మందలు పోయాయట. 1969లో లెక్కపెడితే 362 మిగిలాయి. 2024 లెక్కలో 7,672. ఆ అంకెలు చెప్పేటప్పుడు కుర్రాడి ముఖం వెలిగిపోయింది. నాకూ సంతోషం వేసింది. ఒక జంతువుని ఇలా వెనక్కి తెచ్చుకోగలిగిన దేశం మనదని గర్వంగా కూడా అనిపించింది.

తర్వాత పొదలు కూడా అయిపోయాయి. ఇక పగిలిన బూడిదరంగు నేల, దాని మీద తెల్లటి పెచ్చు. దిక్కు తెలిసే గుర్తు ఒక్కటి లేదు. డ్రైవరు పాత చక్రాల జాడలు చూసుకుంటూ పోతున్నాడు. వానాకాలంలో నదుల నీళ్ళు ఒక పక్క నుంచీ, కచ్ఛ్ సింధుశాఖ నుంచి సముద్రం నీళ్ళు ఇంకో పక్క నుంచీ వచ్చి ఇదంతా మునిగిపోతుంది. మేం దుమ్ము లేపుకుంటూ వెళ్తున్న ఇదే దారిలో అప్పుడు రొయ్యలు పడతారు. దసరా దాటి నీళ్ళు తీశాక అగరియాలు కుటుంబాలతో సహా వచ్చి, గోనెపట్టాలతో గుడిసె వేసుకుని, ఎండలు ముదిరేదాకా ఇక్కడే ఉంటారు. ఉప్పు తీయడం తరతరాలుగా వాళ్ళ పని.

ఆ పది నిమిషాల మడి దగ్గర జీపు ఆగింది. ఒక గుడిసె, వరసగా సోలార్ పలకలు, ఒక పైపు, కంటికి ఆనినంత మేర నీళ్ళ మడులు. అరవై దాటిన పెద్దాయన, ఆయన కోడలు. మేం దిగగానే ఆవిడ స్టవ్ మీద టీ పెట్టింది. సాసర్లలో పోసి ఇచ్చింది. ఈ టీ డబ్బు టూర్ వాళ్ళు ఆవిడకి ఇస్తారా అని అడిగితే కుర్రాడు మాట మార్చాడు.

ఆ తర్వాత జరిగిందే నాకు ఇప్పటికీ మింగుడు పడదు. టీ తాగుతూ కుర్రాడు మాకు వివరించడం మొదలుపెట్టాడు. ఉప్పు నీళ్ళలో పనిచేసీ చేసీ వీళ్ళ పాదాలు ఎంత గట్టిపడతాయంటే, చనిపోయాక చితిలో ఒళ్ళంతా కాలినా పాదాలు కాలవట. వాటిని తీసి విడిగా పాతిపెడతారట. ఈ మాట చాలా చోట్ల విన్నదే, చదివిందే. కానీ అతను చెప్తున్నది ఆ పెద్దాయనకి రెండడుగుల దూరంలో నిలబడి, ఆయనకి అర్థమయ్యే హిందీలో. పుణె ఆయన వెంటనే ఫోన్ తీసి ఆ పాదాలు ఫొటో తీశాడు. పెద్దాయన కాళ్ళు వెనక్కి లాక్కోలేదు. అలవాటైపోయినట్టు నిలబడ్డాడు.

"ఏమంటున్నాడ్రా?" అని మామయ్య అడిగాడు. చెప్పాను. ఆయన ఏమీ అనలేదు. చెప్పులు విడిచి, పంచె కాస్త పైకి పట్టుకుని, వెళ్ళి పెద్దాయన పక్కన నిలబడ్డాడు. మామయ్య మడిమలకి ఏ మందుకీ మానని పగుళ్ళు ఉన్నాయి. వేళ్ళ సందుల్లో పాత మచ్చలు. పెద్దాయన ఒకసారి కిందకి చూశాడు. వంగి దగ్గరగా మళ్ళీ చూశాడు. "మీఠూ?" అని అడిగాడు. గుజరాతీలో ఉప్పుని అలాగే అంటారు. అవునని నేను తల ఊపాను. ఆయన మామయ్య చెయ్యి పట్టుకుని మడి గట్టు మీదకి నడిపించుకుపోయాడు.

అప్పుడే కుర్రాడు వాచీ చూసి "టైమ్ అయిపోయింది" అన్నాడు. పుణె వాళ్ళకి సూర్యాస్తమయం మిస్సవుతుందని టెన్షన్. నలుగురి డబ్బుతో వెళ్ళిన జీపు కాబట్టి ఎక్కక తప్పలేదు. సూర్యాస్తమయం బాగుంది. దాని గురించి రాసేవాళ్ళు చాలామంది ఉన్నారు కాబట్టి నేను వదిలేస్తున్నాను. మామయ్య జీపు దిగలేదు.

రాత్రి బస చేసిన చోట మేనేజర్‌ని అడిగితే, ఒక్క ఉప్పు మడుల కోసం ట్రిప్ లేదన్నాడు. పొద్దుటి సఫారీ కొనుక్కోవాలి, అదే రేటు. సరే, కట్టాం. జీపు మాకే పెట్టుకున్నాం. తెల్లవారి బయల్దేరగానే మామయ్య తనకొచ్చిన నాలుగు హిందీ ముక్కల్లో డ్రైవర్‌కి చెప్పేశాడు: "గాడిద నై. పక్షి నై. సీదా నిన్నటి అన్న దగ్గరికి."

మూడు గంటలున్నాం. నేను వాళ్ళిద్దరి మధ్యా మాటలు మోసే పనిలో ఉన్నాను, కొంతసేపటికి ఆ అవసరం కూడా పెద్దగా లేకపోయింది. పెద్దాయన గుడిసెలోంచి ఒక గాజు గొట్టం తెచ్చి నీళ్ళలో నిలబెట్టాడు. మామయ్య "ఒరేయ్, మా డిగ్రీ గొట్టం!" అని అరిచాడు. ఉప్పు నీళ్ళ చిక్కదనం కొలిచేది అది. సముద్రం నీళ్ళు మూడు డిగ్రీల దగ్గర చూపిస్తాయి. గింజ కట్టాలంటే పాతిక దాకా రావాలి. రణ్ కింద దొరికే నీళ్ళు పైకి వచ్చేటప్పటికే సముద్రం కన్నా ఎన్నో రెట్లు చిక్కగా ఉంటాయి. ఒక మడిలోంచి ఇంకో మడిలోకి వదులుకుంటూ ఎండకి మరింత చిక్కబరుస్తారు. మరీ ముదరనిస్తే చేదు దిగుతుంది, ఆ నీళ్ళు బయటికి తోలేయాలి. ఇదంతా మామయ్య వేళ్ళతో అంకెలు చూపించి అడుగుతుంటే ఆయన వేళ్ళతోనే జవాబు చెప్పాడు. ముప్పై చూపించి మామయ్య ముఖం చేదుగా పెడితే పెద్దాయన పగలబడి నవ్వాడు.

తేడా గింజ దగ్గర వచ్చింది. మా వైపు కొద్ది రోజులకోసారి లాగి కుప్ప పోస్తారు. ఇక్కడ నెలల తరబడి మడిలోనే పెంచుతారు. గింజ రేగ్గింజంత అవుతుంది. వడాగరు అంటారు దాన్ని. అది అడుగున గడ్డకట్టకుండా రోజూ పొడుగాటి పళ్ళున్న చెక్క దంతెతో మడి అంతా లాగాలి. మామయ్య ఆ దంతె అందుకుని నాలుగు లాగులు లాగాడు. దాని బరువుకి ఆయాసపడి ఆగి "దీన్ని ఈ వయసులో రోజూనా?" అన్నాడు నాతో. మడి అడుగు గట్టిపడటానికి సీజన్ మొదట్లో ఇంటిల్లిపాదీ ఉత్త కాళ్ళతో రోజుల తరబడి తొక్కుతారని కోడలు చెప్పింది. బూట్లు ఇచ్చారట. మధ్యాహ్నం ఎండకి వాటిలో కాళ్ళు ఉడికిపోతాయంది.

"టన్నుకి ఎంత?" అని మామయ్య అడిగాడు. రైతు రైతుని అడిగే మొదటి ప్రశ్న ఇదే అయినా ఆయన మొహమాటపడి చివరిదాకా ఆగాడు. కిలోకి ముప్పై పైసల లెక్కన పడుతుందన్నాడు పెద్దాయన. వ్యాపారి సీజన్ మొదట్లో అడ్వాన్స్ ఇస్తాడు. ఉప్పు లారీల్లో ఖారాఘోడా చేరాక అందులోంచి పట్టుకుంటాడు. ఇదివరకు నీళ్ళు తోడే ఇంజను డీజిల్‌కే సగం పోయేదట, సోలార్ వచ్చాక కాస్త ఊపిరి ఆడుతోందట. వేసవి చివర అకాల వాన ఒకటి పడితే అంతా నీళ్ళపాలే. ఆ ఒక్క మాట తర్జుమా చెయ్యకముందే మామయ్యకి అర్థమైంది. ఆకాశం వైపు చూపించి ఇద్దరూ తల అడ్డంగా ఊపారు. హైదరాబాద్‌లో మా ఇంటి కింద కొట్లో ఉప్పు ప్యాకెట్ పాతిక రూపాయల పైనే. శుద్ధి, అయోడిన్, ప్యాకింగ్, రవాణా అన్నీ లెక్కేసుకున్నా, ఆ ముప్పై పైసలు నాకు న్యాయంగా కనబడలేదు.

పట్టా ఉందా అని అడిగితే లేదన్నాడు. ఈ రణ్ చాలాకాలం సర్వే జరగని నేల. పదెకరాల లోపు ఉప్పు చేసుకునేవాళ్ళకి లైసెన్సు అక్కర్లేదని స్వాతంత్ర్యం వచ్చిన కొత్తలోనే నిర్ణయించారు. 1970ల మొదట్లో ఇదంతా అడవి గాడిదల అభయారణ్యం అయింది. అప్పటినుంచి తాతల నాటి మడిలో దిగడానికి కూడా ఎవరో ఒకరు ఊ అనాల్సిన పరిస్థితి. "మాది లీజే గానీ చేతిలో కాగితమైనా ఉండేది" అన్నాడు మామయ్య. గాడిదల్ని కాపాడుకున్న తీరు చూసి నిన్న సంతోషించినవాణ్ణే. అదే నేల మీద అంతకు ముందు నుంచీ ఉన్న మనుషులకి ఒక కాగితం ఇవ్వడం అంత కష్టమా అని ఇవాళ బాధేసింది. ఈ రెండూ ఒకదానికొకటి అడ్డం కావు. మేం మాట్లాడుతుండగా దూరంగా నాలుగు గాడిదలు మడి గట్టు పక్క నుంచే వెళ్ళాయి. పెద్దాయన తల కూడా తిప్పలేదు.

తిరిగొచ్చేటప్పుడు మైదానం మధ్యలో ఒక పాత ఆర్టీసీ బస్సు నిలబడి ఉంది. చక్రాలు సగం మట్టిలో దిగిపోయాయి, పక్కన పిల్లల చెప్పులు. అది బడి. అగరియా పిల్లల కోసం తుక్కు కింద పోవాల్సిన బస్సుల్ని ఇలా తెచ్చి పెట్టారు. లోపలి నుంచి ఎక్కాలు వినబడుతున్నాయి. టూర్ కాగితంలో ఇది అసలు లేనే లేదు. డ్రైవరు కూడా మామయ్య ఆపమంటేనే ఆపాడు.

వెళ్ళేవాళ్ళకి నా మాట ఇది. ఫిబ్రవరి, మార్చి నెలల్లో వెళ్ళండి. అప్పటికి మడిలో గింజ కట్టి ఉంటుంది, ఎండ ఇంకా భరించగలం. జీపు మాట్లాడుకునేటప్పుడే ఉప్పు మడుల దగ్గర కనీసం రెండు గంటలు కావాలని గట్టిగా చెప్పండి, ఒప్పుకోకపోతే ఇంకో జీపు చూసుకోండి. టీ డబ్బు టీ పెట్టినవాళ్ళ చేతికే ఇవ్వండి. పాదాలు ఫొటో తీయకండి. తాగే నీళ్ళ క్యాన్లు రెండు ఎక్కువ వేసుకెళ్ళి అక్కడ దింపండి. ట్యాంకరు ఎప్పుడొస్తుందో తమకే తెలియదని కోడలు చెప్పింది.