గంగ జాతర పుస్తకం కోసం నేను పడ్డ తిప్పలు

నిన్న సాయంత్రం పుస్తకం చేతికొచ్చింది. మా తిరుపతి తాతయ్యగుంట గంగమ్మ జాతర పాటలు, వేషాల మీద ఎప్పుడో అచ్చయిన చిన్న పుస్తకం. చిన్నప్పుడు బండ వేషం కట్టినవాణ్ణి నేను. ఒళ్లంతా కుంకుమ పూసుకుని, ఎదురొచ్చినోళ్లను నోరారా తిట్టుకుంటూ తిరిగేవాళ్లం. ఆ పాటలు మనవడికి వినిపించాలని ఆశ.

"టెలిగ్రామ్‌లో పీడీఎఫ్ ఉంటుందిలే తాతా" అన్నాడు వాడు. వద్దన్నాను. రాసినాయన పోయి 30 ఏళ్లే అయింది. మన చట్టంలో రచయిత పోయాక ఇంకో 60 ఏళ్లు హక్కుంటుంది. ఆర్టీసీలో కండక్టరుగా చేసినవాణ్ణి, టికెట్ లేకుండా ఎక్కినోణ్ణి ఒక్కణ్ణీ వదల్లేదు. ఇప్పుడు నేనే ఎక్కుతానా?

టీటీడీ పాత పుస్తకాలైతే చాలామటుకు వాళ్ల సైట్‌లోనే ఉచితంగా దొరుకుతాయి. ఇది వాళ్లది కాదు. హైదరాబాద్‌లో ఆబిడ్స్ ఆదివారం ఫుట్‌పాత్ కూడా చూశాను, లేదు.

చివరికి తిరుపతిలోనే ఒక లైబ్రరీ కేటలాగులో పేరు కనబడింది. కౌంటర్‌లో గుమాస్తా తలెత్తకుండానే "లెటర్ ఉందా?" అన్నాడు. ఏం లెటర్? "గైడ్ సంతకంతో." నాకు గైడ్ ఎవరు సామీ అంటే అప్పుడు చూశాడు, నా పంచె వంక. "ఈ వయసులో పీహెచ్‌డీనా పెద్దాయనా?" పక్కనున్న పిల్లలు కిసుక్కున నవ్వారు. గంటన్నర బెంచీ మీద కూర్చున్నాను. భోజనం చేసొచ్చి, "ఎందుకింత కష్టం, ఫోన్‌లో వెతికితే ఫ్రీగా దొరకదా" అన్నాడు. లైబ్రరీలో కూర్చున్న మనిషి చెప్పే మాటేనా అది!

జాలిపడ్డ అటెండరు పుస్తకం తెచ్చి పది నిమిషాలు చేతిలో పెట్టాడు. మీరెవరైనా ఇలా వెతుకుతుంటే ముందు వెల వేసే పేజీ చూడండి. ప్రచురణకర్త పేరు, చిరునామా అక్కడే ఉంటాయి. ఇందులో రచయిత ఊరే ఉంది, కార్వేటినగరం దగ్గర పల్లె. మర్నాడే బస్సెక్కాను.

ఆయన కొడుకు అటక మీంచి గోనెసంచి దించాడు. పైన నాలుగు చెదలు తిన్నాయి, అడుగున రెండు బాగున్నాయి. అట్ట మీద వెల ఆరు రూపాయలు. అంతే ఇమ్మన్నాడు. బలవంతాన ఐదొందలు జేబులో పెట్టి రెండూ తెచ్చుకున్నాను.

రెండోది లైబ్రరీకిద్దామనే తెచ్చాను. ఆ గుమాస్తా రిటైరయ్యాక చూద్దాం.