4 అంటే కుడి: భుజం చార్టులు పట్టే తెలుగు మెడికల్ కోడర్లకి

కోడులో వైపు చెప్పే అంకె కుడికి 1, ఎడమకి 2, వైపు రాయకపోతే 0 లేదా 9. ఐసీడీ-10-సీఎం (అమెరికా చార్టుల్లో జబ్బులకీ దెబ్బలకీ వేసే కోడ్ల పుస్తకం) మొదలుపెట్టిన వారంలోనే ఈ లెక్క నోటికొచ్చేస్తుంది. భుజం జారిన చార్టు దగ్గర ఇదే కొంప ముంచుతుంది. భుజం ముందుకు జారితే వాడే ఎస్43.01 కింద 1, 2, 3 మూడూ సబ్‌లక్సేషన్‌వి, అంటే కీలు కొంత జారి పూర్తిగా ఊడనివి. పూర్తిగా ఊడిన డిస్‌లొకేషన్ 4తో మొదలవుతుంది: 4 కుడి, 5 ఎడమ, 6 వైపు తెలియనిది. కుడి భుజం ముందుకు ఊడితే ఎస్43.014ఏ (చివరి "ఏ" సంగతి కింద చెప్తాను). అలవాటు కొద్దీ 011 కొడితే అదీ చెల్లే కోడే కాబట్టి సాఫ్ట్‌వేర్ కిక్కురుమనదు. ఆడిట్‌లోనే బయటపడుతుంది. వెనక్కి ఊడితే ఎస్43.02, కిందికైతే ఎస్43.03, లోపలి వరస మాత్రం అదే.

ఇంకో చిక్కు మన భాషతో. ఇంట్లో అన్నిటికీ కలిపి "భుజం బెణికింది" అంటాం. చార్టులో అది రెండు మాటలు. స్ప్రెయిన్ అంటే కీలుకీ లిగమెంటుకీ (ఎముకల్ని కలిపే పట్టీ) తగిలిన దెబ్బ, ఎస్43. స్ట్రెయిన్ అంటే కండరానికో, దాన్ని ఎముకకి పట్టి ఉంచే టెండన్‌కో తగిలింది, ఎస్46. చెన్నైలో గిండీ, ఓఎంఆర్ వైపు కోడింగ్ ఆఫీసుల్లో చేరే మన పిల్లల్లో ఫిజియో, నర్సింగ్ చదివినవాళ్లు చాలామందే. అనాటమీ వాళ్లకి కొట్టిన పిండి. ఈ రెండు మాటలూ వేగంగా చదివినప్పుడు మాత్రం ఒకేలా కనిపిస్తాయి.

అసలు తలనొప్పి రొటేటర్ కఫ్, అంటే భుజం కీలుని చుట్టి పట్టుకునే కండరాలు, టెండన్లు. చార్టులో "రొటేటర్ కఫ్ టేర్" (చిరుగు) అని ఉంటే వెళ్లడానికి మూడు దారులున్నాయి. దెబ్బ వల్ల అని డాక్టర్ రాయకపోతే ఎం75.1. దెబ్బ వల్ల చిరిగిందని రాస్తే ఎస్46.01. క్యాప్సూల్ (కీలు చుట్టూ ఉండే సంచి) అని ప్రత్యేకంగా అంటేనే ఎస్43.42. కోడ్‌బుక్ సూచికలో టేర్ కింద రొటేటర్ కఫ్ చూడండి, ఏమీ చెప్పకపోతే దెబ్బ కాదనే లెక్క. పేషెంట్ మెట్ల మీద పడ్డాడని హిస్టరీలో ఉండి, అసెస్‌మెంట్‌లో ఉత్త "టేర్" అనే ఉందనుకోండి. ఆ రెండూ మీరు ముడి వేయకూడదు. క్వెరీ పంపాలి, అంటే డాక్టర్‌నే అడగాలి. 65 ఏళ్లవాడు కదా, అరుగుదలే అయ్యుంటుంది అనుకోవడం కూడా రోగ నిర్ధారణే, అది మన పని కాదు. అనాటమీ బాగా తెలిసినవాళ్లే ఇక్కడ ఎక్కువ జారతారు.

ఎం75.1 లోపల కొంతే చిరిగితే కుడికి ఎం75.111, పూర్తిగా చిరిగితే ఎం75.121. ఆరు అక్షరాలతో ఆగిపోతుంది. చేతి అలవాటుగా చివర "ఏ" తగిలిస్తే కోడు చెల్లదు. ఎస్43.42 కింద ఎం75.1కి ఎక్స్‌క్లూడ్స్1 నోటు (ఆ రెండు కోడ్లూ కలిపి పెట్టకూడదని చెప్పేది) ఉంది, కాబట్టి ఒకే భుజంలో ఒకే చిరుగుకి రెండూ పెట్టకండి.

ఏడో అక్షరం సంగతి. కోడు చివర వచ్చే "ఏ" అంటే మొదటి విజిట్ అనుకునేవాళ్లు ఇంకా ఉన్నారు. పేరులో "ఇనిషియల్" అని ఉండటం వల్లే ఈ పొరపాటు. చికిత్స జోరుగా సాగుతున్నంత కాలం ఏ. ఎమర్జెన్సీలో కీలు ఎక్కించినా ఏ, వారం తర్వాత సర్జన్ ఆపరేషన్ చేసినా ఏ. స్లింగ్ తీసి చూడటం, ఫిజియో, ఇవన్నీ డీ. దెబ్బలకి ఆఫ్టర్‌కేర్ జెడ్ కోడ్ వాడరు, గాయం కోడుకే డీ తగిలిస్తారు. పాత డిస్‌లొకేషన్ వల్ల కుడి భుజం బిగుసుకుపోయి ఫ్రోజెన్ షోల్డర్ (అడెసివ్ క్యాప్సులైటిస్) వచ్చిందని డాక్టర్ రాస్తే ముందు ఎం75.01, వెనక ఎస్43.014ఎస్ (చివరి "ఎస్" పాత దెబ్బ మిగిల్చిన ఫలితం అని చెప్పేది). ఈ వరస తిరగబడకూడదు. మాటిమాటికీ ఊడే భుజమైతే ఎం24.411 కుడికి, ఎం24.412 ఎడమకి. అదే మనిషికి ఇవాళ కొత్తగా దెబ్బ తగిలి ఊడితే ఎస్43 వైపే. రెండిట్లో ఏదన్నది తేలకపోతే మళ్లీ క్వెరీయే.

కీలు ఊడటంతో పాటు ఎముకా విరిగితే? సూచికలో డిస్‌లొకేషన్ కింద "విత్ ఫ్రాక్చర్" దగ్గర ఫ్రాక్చర్‌కి వెళ్లమని ఉంటుంది. కుడి గ్రేటర్ ట్యూబరాసిటీ (చేయి ఎముక పై చివరన ఉండే గడ్డ) విరిగి పక్కకి జరిగితే ఎస్42.251ఏ చాలు, పక్కన ఎస్43 వద్దు. విరిగిన ముక్క పక్కకి జరిగిందో లేదో రాయకపోతే జరిగినట్టే, ఓపెనో క్లోజ్డో రాయకపోతే క్లోజ్డే. భుజం దగ్గరి యాక్సిలరీ నరం కూడా దెబ్బతింటే కుడికి ఎస్44.31ఎక్స్ఏ. ప్రధాన గాయం ఎముకదైతే ఇది రెండోది. ఖాళీ ఆరో చోటు నింపే ఆ ఎక్స్ మరిచిపోతే "ఏ" ఏడో చోటికి చేరదు, క్లెయిమ్ వెనక్కొస్తుంది.

అవుట్‌పేషెంట్ చార్టులో "కుడి భుజం నొప్పి, స్లాప్ లీజన్ అనుమానం, ఎంఆర్‌ఐ చేయించండి" అని ఉంటే స్లాప్ లీజన్ (భుజం కీలు గుంత పై అంచున చిరుగు) కోడు ఎస్43.43 కట్టకండి. నొప్పి కోడు ఎం25.511, అంతే. ఇన్‌పేషెంట్‌లో డిశ్చార్జి నాటికీ అనుమానంగానే ఉంటే హాస్పిటల్ కోడింగ్‌లో ఉన్నట్టే కడతారు. ప్రాజెక్టు మారినవాళ్లు తడబడేది ఇక్కడే.

చివరగా తేదీ. అమెరికా చార్టులో నెల ముందు వస్తుంది. 09/10 అంటే సెప్టెంబర్ 10, మన అలవాటు ప్రకారం అక్టోబర్ 9 కాదు. కొత్త కోడ్‌సెట్ ఏటా అక్టోబర్ 1న అమల్లోకి వస్తుంది కాబట్టి తేదీ తప్పు చదివితే వేరే ఏడాది పుస్తకం తెరిచినట్టే. అవుట్‌పేషెంట్‌కి విజిట్ తేదీ, ఇన్‌పేషెంట్‌కి డిశ్చార్జి తేదీ చూడండి. చార్టు మీ క్యూలోకి ఎప్పుడొచ్చిందన్నది లెక్కలోకి రాదు.