అరువు సరుకు బాకీ కోర్టులో వసూలు చేసుకున్న కథ – నా అనుభవం

తెనాలిలో మాది పైపులు, శానిటరీ సామాన్ల హోల్‌సేల్ కొట్టు. పక్క జిల్లాలో షాపున్న ఒకాయన ఏళ్ల తరబడి మా దగ్గరే సరుకు తీసుకునేవాడు, నెలాఖరుకల్లా కట్టేసేవాడు కూడా. కరోనా తర్వాత కట్టడం తగ్గింది, ఫోన్ ఎత్తడం తగ్గింది, చివరికి లక్షా ఎనభై వేల చిల్లర దగ్గర బాకీ ఆగిపోయింది. చెక్కు ఇచ్చుంటే చెక్ బౌన్స్ కేసు వేసేవాళ్లం, ఇవ్వలేదు. పోలీసులు ఇది సివిల్ మేటరు అన్నారు, నిజమే.

లాయరు గారు ముందుగా అడిగింది తేదీలు. అమ్మిన సరుకు డబ్బుకి మూడేళ్లలోపు దావా వెయ్యాలి. అరువు గడువు ముందే అనుకుని ఉంటే అది ముగిసిన రోజు నుంచి, లేదంటే సరుకు ఇచ్చిన రోజు నుంచి లెక్క. మా బిల్లుల్లో కొన్నిటికి అప్పటికే మూడేళ్లు దాటాయి. అక్కడ మమ్మల్ని నిలబెట్టింది నాన్న పెట్టిన పద్ధతి. ప్రతి మార్చిలో లెడ్జర్ కాపీ పంపి, దాని కిందే 'ఈ బాకీ సరిగా ఉంది' అని రాయించి, షాపు స్టాంపు వేయించి, సంతకం, తేదీ పెట్టించేవాడు. గడువులోపల అలా రాతపూర్వకంగా ఒప్పుకుంటే ఆ తేదీ నుంచి మళ్లీ మూడేళ్లు వస్తాయి. ఆ కాగితం మీద స్టాంపు కాస్త అలుక్కుపోయింది గానీ సంతకమూ తేదీ ఎవరైనా చదవగలిగేలా ఉన్నాయి. లాయరు గారు దాన్ని వెలుతురులో పెట్టి చూసి, 'ఇది చాలు, వేసేద్దాం' అన్నారు.

వడ్డీ కలిపినా మొత్తం మూడు లక్షల లోపే. అది దాటితే కమర్షియల్ కోర్టు దారి, అర్జెంటు ఉత్తర్వులేమీ అడగకపోతే ముందు మధ్యవర్తిత్వానికి వెళ్లి తీరాలి. మాకు ఆ అవసరం లేక, లీగల్ నోటీసు ఇచ్చి, కోర్టు ఫీజు కట్టి, జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో వేశాం. సరుకు అప్పగించింది మా గోడౌన్లోనే కాబట్టి మా ఊళ్లోనే వెయ్యడం కుదిరింది.

సమన్లు అందడానికే చాలా కాలం పట్టింది. సమన్లు ఇచ్చే కోర్టు ఉద్యోగి అమీనా వెళ్లినప్పుడల్లా ఇంటికి తాళమే, చివరికి తలుపుకి అంటించాక గానీ ఆయన వకాల్తా వెయ్యలేదు. జవాబుదావాలో సరుకు అసలు రాలేదని ఒకచోట, వచ్చింది నాసిరకమని ఇంకోచోట రాశాడు. చదివి నాకు ఒళ్లు మండింది.

నన్ను క్రాస్ ఎగ్జామిన్ చేసేటప్పుడు వాళ్ల లాయరు, సరుకు అందినట్టు తీసుకున్న చలాన్ల మీద సంతకాలు మా క్లయింటువి కావు కదా అని గుచ్చి గుచ్చి అడిగాడు. అవి వాళ్ల గుమస్తావి. మన ఖాతా పుస్తకంలో రాసుకున్నది ఒక్కటే చూపించి ఎవరి మీదా బాకీ వెయ్యలేమని సాక్ష్య చట్టమే చెబుతుంది, అందుకే చలాన్లు, సరుకు రవాణాకి తీసిన ఈ-వే బిల్లులు, ఆ మార్చి కాగితం అన్నీ కోర్టులో సాక్ష్యంగా మార్కు చేయించాం. బాకీ ఉన్నాయన బోనెక్కినప్పుడు మా లాయరు ఒకే ప్రశ్న మీద నిలబడ్డారు: ఈ బిల్లుల మీద జీఎస్టీ ఇన్‌పుట్ క్రెడిట్, అంటే సరుకు కొన్నప్పటి పన్నుని తాను కట్టాల్సిన పన్నులో తగ్గించుకోవడం, తీసుకున్నారా లేదా? ఆడిటర్‌కి తెలుసన్నాడు. రిటర్నులు తెప్పించమని పిటిషన్ వేస్తామనేసరికి తీసుకున్నానని ఒప్పుకున్నాడు. సరుకు రానివాడు దాని మీద పన్ను క్రెడిట్ ఎలా తీసుకుంటాడు?

మాకు డబ్బు కట్టాలని కోర్టు డిక్రీ వచ్చింది, దావా వేసిన రోజు నుంచి డిక్రీ దాకా 12 శాతం, తర్వాత 6 శాతం వడ్డీ. కొత్తగా కోర్టుకెళ్లేవాళ్లు గట్టిగా గుర్తుపెట్టుకోండి, డిక్రీ చేతికొస్తే డబ్బు చేతికొచ్చినట్టు కాదు. దాన్ని అమలు చేయించమని మళ్లీ ఈపీ (ఎగ్జిక్యూషన్ పిటిషన్) వెయ్యాలి, పన్నెండేళ్ల దాకా వెయ్యొచ్చు గానీ ఆలస్యం చేస్తే ఆస్తులు చేతులు మారిపోతాయి. జైలుకి పంపమని అడగొచ్చు, కానీ కట్టే స్తోమత ఉండీ ఎగ్గొడుతున్నాడని మనమే చూపించాలి. మేము ఆ జోలికి పోలేదు. పాత ఆర్టీజీఎస్ చెల్లింపుల్లో ఆయన షాపు కరెంట్ అకౌంట్ నంబరు ఉంది, దాన్నే జప్తు చేయమని అడిగాం.

అకౌంట్ ఆగిన వారంలోనే మనిషి మా కొట్టుకొచ్చాడు. లోక్ అదాలత్‌లో కూర్చుని, వడ్డీలో కొంత వదులుకుని, వాయిదాల మీద ఒప్పుకున్నాం. ఆఖరి వాయిదా కూడా జమయ్యాక మా లాయరు బాకీ పూర్తిగా తీరిందని మెమో వేసి ఈపీ మూయించారు.