నా అనుభవం: బాల్‌హౌస్ రౌండ్ ట్రాలీ షాట్ మేం మళ్ళీ తీసినప్పుడు

జర్మనీలో కెమెరా కోర్సు చదువుతున్నా. మాకు ఒక ఎక్సర్‌సైజ్ ఇస్తారు, పాత సినిమాలోంచి ఒక షాట్ పట్టుకుని అదే మూవ్‌మెంట్‌తో మళ్ళీ తీయాలి, కెమెరా ఏదైనా పర్లేదు. నేను మిషాయెల్ బాల్‌హౌస్ అనే జర్మన్ కెమెరామన్ షాట్ తీసుకున్నా. 1974లో డైరెక్టర్ ఫాస్‌బిండర్ టీవీ కోసం చేసిన మార్తా అనే సినిమాలోది. ఒకామె నడిచొస్తుంటుంది, ఎదురుగా ఒకాయన, ఇద్దరూ ఒకరినొకరు దాటే టైంకి కెమెరా వాళ్ళ చుట్టూ గిర్రున తిరుగుతుంది, వాళ్ళు కూడా ఉన్నచోటే తిరుగుతారు, తర్వాత ఎవరి దారి వాళ్ళది. కొన్ని సెకన్లే, కానీ ఈవిడ బతుకు ఇతనితో ముడిపడిపోయిందని అక్కడే అర్థమైపోద్ది. ఫాస్‌బిండర్ సగం చుట్టు అనుకుంటే దాన్ని పూర్తి చుట్టు చేద్దామన్నది బాల్‌హౌసే.

మన తెలుగు సినిమాల్లో రౌండ్ ట్రాలీ, అంటే గుండ్రంగా వేసిన పట్టాల మీద కెమెరా చుట్టూ తిరిగే షాట్, చూడనివాళ్ళు ఎవరు చెప్పండి, హీరో ఎంట్రీకి ఉంటుంది, పాటలో ఉంటుంది. అందుకే మొదట ఇది తేలికే అనుకున్నారు మా టీమ్‌లో అందరూ. ట్రాక్ ముక్కలు దించి గుండ్రంగా బిగించడం మొదలెట్టాక అసలు పని తెలిసింది. మేం తీసుకున్న పెరడు చూడ్డానికి చదునుగానే ఉంది కానీ ఒకవైపు నీళ్ళు పోవడానికి వాలు పెట్టారు. కృష్ణానగర్లో మా బాబాయ్ ఒకాయన ఏళ్ళ తరబడి ట్రాలీ పని చేశాడు, ఆయనకి వీడియో కాల్ చేసి చూపించా. "ఒరేయ్, ముందు ఎత్తున్న చోటు పట్టుకో, అక్కణ్ణించి మిగతాదంతా చెక్కలు పెట్టి లేపుకుంటూ రా, పల్లం నుంచి మొదలెడితే చివర్లో కలవదు" అన్నాడు. సరిగ్గా అదే చేశాం. ఒక్కో జాయింట్ కింద చెక్క, దాని మీద లెవెల్, మళ్ళీ చెక్క. పొద్దున్నంతా దానికే పోయింది, ఆ టైం పెట్టాలి కూడా, ఎందుకంటే జాయింట్ దగ్గర చిన్న ఎగుడు దిగుడు ఉన్నా ఫ్రేమ్ కొట్టుకుంటుంది, మూడ్ మొత్తం పోతుంది.

తర్వాత లైటు. కెమెరా లోపలికి చూస్తూ మొత్తం చుట్టు తిరుగుతోందంటే నాలుగు దిక్కులూ ఫ్రేమ్‌లోకి వస్తాయి, స్టాండ్ పెట్టడానికి మూల ఉండదు, మనుషులు నిలబడ్డానికి కూడా ఉండదు. కెమెరా వెనక ట్రాలీ తోసే ఇద్దరు, ఫోకస్ చూసే అమ్మాయి, అంతే, మిగతావాళ్ళంతా గోడ అవతలే. ఎండ ఉంటే ఇంకో గొడవ, ఒక వైపు మొహాల మీద వెలుగు, అవతలికి వెళ్ళేసరికి మొహాలు నల్లగా, మధ్యలో ఎక్కడో కెమెరా నీడ వాళ్ళ మీదే పడుతుంది. మబ్బు కోసం కూర్చున్నాం. ఇక్కడ మబ్బుకి కొదవ లేదు, వచ్చింది. ఎదురు వైపు ట్రాక్ కనపడకుండా కెమెరా ఎత్తు పెంచి నడుం పై నుంచి పట్టాం.

నాకు కళ్ళు తెరుచుకుంది మాత్రం యాక్టర్ల దగ్గర. చుట్టూ ట్రాక్ ఉంది కదా, వాళ్ళు లోపలికి రావాలన్నా బయటికి పోవాలన్నా పట్టాలు దాటాలి, కిందకి చూడకుండా. పైగా వాళ్ళు తిరిగే స్పీడూ ట్రాలీ స్పీడూ కలవాలి. వాళ్ళు తొందరపడితే వీపులే కనపడతాయి, ఆలస్యమైతే కెమెరా ఒక్కటే తిరుగుతున్నట్టు ఉంటుంది, షాట్ చచ్చిపోతుంది. డైలాగ్ లేదు కాబట్టి నేను గట్టిగా అంకెలు లెక్కపెడుతూ ఉన్నా, ఆ లెక్క మీద అందరం అడుగులు వేశాం, ట్రాలీ తోసేవాళ్ళు కూడా. కుదిరిన టేక్‌లో మోనిటర్ చూస్తుంటే వెనక గోడలన్నీ పరిగెడుతున్నాయి, ఆ ఇద్దరి మొహాలు మాత్రం మారి మారి ఒకరినొకరు వదలకుండా ఉన్నాయి. కెమెరా కదలిక కెమెరామన్ ఒక్కడిది కాదు, నటించేవాళ్ళ ఒంట్లోంచి రావాలి అని నాకు ఆ రోజు అర్థమైంది.

బాల్‌హౌస్ ఇంట్లోనే నాటకం ఉంది మరి. 1935లో బెర్లిన్‌లో పుట్టాడు, అమ్మానాన్నలిద్దరూ స్టేజి నటులు. కుర్రాడిగా ఉన్నప్పుడు మాక్స్ ఓఫుల్స్ అనే డైరెక్టర్ తీస్తున్న లోలా మాంటెస్ సినిమా షూటింగ్ చూసి కెమెరామన్ అవ్వాలనుకున్నాడు, ఆ సినిమా నడిచేదే సర్కస్ రింగు చుట్టూ, కాబట్టి ఈ గుండ్రం పిచ్చి అక్కడ్నించే మొదలై ఉంటుందని నా నమ్మకం. టీవీలో కెమెరా పని చేసి, 1970 నుంచి ఫాస్‌బిండర్ దగ్గర పదిహేను సినిమాల దాకా చేశాడు. అవి ఎంత ఫాస్ట్‌గా తీసేవాళ్ళంటే పెట్రా ఫాన్ కాంట్ సినిమా మొత్తం ఒకే ఇంట్లో 10 రోజుల్లో అయిపోయింది. ఆ స్పీడే తర్వాత అమెరికాలో అన్నం పెట్టింది. డైరెక్టర్ స్కోర్సేసీ చిన్న బడ్జెట్లో రాత్రిళ్ళు ఆఫ్టర్ అవర్స్ అనే సినిమా తీస్తున్నప్పుడు ఈయన కావాల్సొచ్చాడు, గుడ్‌ఫెల్లాస్, డిపార్టెడ్ దాకా కలిసి చేశారు. ఆస్కార్‌కి మూడుసార్లు నామినేట్ అయ్యాడు, ఒక్కటీ రాలేదు, నాకైతే ఇప్పటికీ బాధే. 1989లో ఫాబ్యులస్ బేకర్ బాయ్స్‌లో పియానో మీద మిషెల్ ఫైఫర్ పాడుతుంటే మళ్ళీ అదే చుట్టు, ఈసారి మెల్లగా, ఆమె ఊపిరి లయ పట్టుకుని తిరిగినట్టు. మార్తా చూసి వెంటనే ఇది చూడండి, ఒకే మూవ్‌మెంట్ ఒకచోట భయం ఇంకోచోట ఆశ ఎలా అయిందో తెలుస్తుంది.

బెర్లిన్ ఫిల్మ్ అకాడమీలో, హాంబర్గ్‌లో పాఠాలు కూడా చెప్పాడు. 2014లో వచ్చిన ఆత్మకథలో గ్లాకోమాతో చూపు పోతోందని బయటపెట్టాడు, 2017లో పోయాడు. ఆయన క్లాసులో కూర్చునే అదృష్టం మా బ్యాచ్‌కి లేదు, షాట్లని ఇలా విప్పి చూసుకోవడమే. వచ్చే టర్మ్‌కి పెట్రా ఫాన్ కాంట్ నుంచి ఒక సీన్ అడిగా, ఒకటే గది, వెనక గోడంతా పెద్ద పెయింటింగ్, మంచం, బొమ్మలు, కెమెరాకి అడుగు తీసి అడుగేసే చోటు ఉండదు. ఓకే అన్నారు, గది వెతుకుతున్నాం.