స్కైపియా చదివాక

వన్ పీస్ అనే జపనీస్ కామిక్ (మాంగా) అంటే సముద్రపు దొంగలు, నిధి, ఫైటింగులు అనుకునేవాళ్లు ఒక్కసారి అందులోని స్కైపియా కథ చదవండి. 400 ఏళ్ల కింద ఒక దీవిలో సగం ముక్క నీటి ప్రవాహం దెబ్బకి ఆకాశంలోకి ఎగిరిపోతుంది, పైన మేఘాల మీద బతికేవాళ్లు ఎప్పుడూ మట్టి ఎరగరు, అందుకని ఆ నేలను దేవుడిచ్చిన వరం అనుకుని దాని మీద తరతరాలుగా ఉన్న షాండియన్లను తరిమేస్తారు. షాండియన్ యోధుడు వైపర్ పుట్టిందే ఆ వెళ్లగొట్టిన తర్వాత, తాను ఒక్కరోజు కూడా బతకని నేల కోసం ప్రాణం పెట్టి కొట్లాడతాడు. అతని కోపం చూసి నాకు గొంతు పట్టేసింది. చివర్లో రెండు జాతులూ కలిసిపోవడం మాత్రం మరీ తొందరగా జరిగింది, అన్నేళ్ల అన్యాయానికి ఇంకాస్త లెక్క తేల్చాల్సింది.

ఇందులోనే వచ్చే ఒహారా దీవి కథ ఇంకా భయంకరం. ప్రభుత్వం చెరిపేసిన వందేళ్ల చరిత్రను చదవబోయిన పాపానికి ఆ పండితుల దీవిని యుద్ధనౌకలతో కాల్చేస్తారు, పారిపోతున్న మామూలు జనం ఎక్కిన ఓడను కూడా వదలరు. మంటల్లో ఆ పండితులు చేసిన పని పుస్తకాలను చెరువులోకి విసరడం! ప్రాణాలతో మిగిలింది రాబిన్ అనే ఎనిమిదేళ్ల పాప ఒక్కతే.

1997లో ఎయిచిరో ఓడా పిల్లల పత్రికలో మొదలుపెట్టిన కథ ఇది. 2025లో ఇండోనేషియా, నేపాల్ కుర్రాళ్లు ఈ కథ హీరో లూఫీ పుర్రె జెండా పట్టుకుని ప్రభుత్వాల మీద నిరసనగా వీధుల్లోకి వస్తే చాలామంది ఆశ్చర్యపోయారు గానీ, ఒహారా చదివినవాళ్లకి ఆ జెండానే ఎందుకో విడమరిచి చెప్పక్కర్లేదు.